ఆ వెయ్యి బాట్లు దేనికి? బ్యాంకాక్ చైనాటౌన్ ఫుడ్ వాక్‌ల లెక్క

బ్యాంకాక్ చైనాటౌన్‌లో సాయంత్రం సొంతంగా తిరిగి తింటే మనిషికి 500, 600 బాట్లలో కడుపు నిండిపోతుంది. బండి మీద చాలా ఐటెమ్‌లు 40 నుంచి 100 బాట్ల లోపే. ఎనిమిది రకాలు దాటాయంటే ఎంత తిండిపుష్టి ఉన్నవాళ్లయినా చేతులెత్తేస్తారు. అదే రోడ్డు మీద గైడ్‌తో మూడున్నర గంటల ‘ఫుడ్ అండ్ హిస్టరీ వాక్’ అంటే 1,500 నుంచి 2,000 బాట్లు, కొన్నిచోట్ల ఇంకాస్త ఎక్కువే. తిండి ఖర్చు పక్కన పెడితే మిగిలిన వెయ్యి బాట్లు, మన డబ్బుల్లో రెండున్నర వేల పైచిలుకు, గైడ్ మాటకీ ఆయన నడిపించే దారికీ ఇస్తున్నామన్నమాట. తేల్చాల్సింది ఆ వెయ్యి సంగతే. ముందే చెప్పేస్తే, రాత్రి చైనాటౌన్ నడిబొడ్డున ఉన్న యావరాట్ రోడ్డు మీద దానికి సగం విలువ కూడా దక్కదు. పొద్దున పూట తలాట్ నోయ్ వైపో, నది అవతల కుడీ జీన్ వైపో నడిపించే టూర్‌కైతే నిక్షేపంగా ఇవ్వొచ్చు.

రాత్రి వాక్ సంగతి

పర్యాటకుల్లో ఎక్కువమంది బుక్ చేసేది ఇదే. సాయంత్రం ఐదున్నర, ఆరింటికి వాట్ మంగ్‌కోన్ మెట్రో స్టేషన్ దగ్గరో, ఓడియన్ సర్కిల్‌లో ఉన్న పెద్ద చైనా ద్వారం దగ్గరో కలుస్తారు. అసలు చిక్కు ఆ టైమ్‌లోనే ఉంది. సుఖోథాయ్ శైలి బంగారు బుద్ధుడున్న వాట్ ట్రైమిట్ గుడి అయిదింటికే మూసేస్తారు. మిగతా గుళ్లు కూడా అప్పటికి తలుపులు దగ్గరికి వేస్తుంటాయి. సాంపెంగ్ సందులో హోల్‌సేల్ కొట్ల షట్టర్లు దిగుతుంటాయి. బంగారం దుకాణాలు సర్దుకుంటుంటాయి. అంటే ‘హిస్టరీ’ అని డబ్బు తీసుకున్న భాగమంతా మూసిన తలుపుల ముందు నిలబడి చెప్పే కథ. పక్కనే ట్రాఫిక్కూ, టుక్‌టుక్‌ల మోతా. పది మంది గుంపులో వెనక నిలబడ్డవాళ్లకు సగం మాటలు వినపడవు.

కథలో సరుకు లేక కాదు. యావరాట్ అంటే మన ‘యువరాజు’ మాటే, థాయ్ నోట్లో పడి అలా మారింది. 1782లో మొదటి రామరాజు రాజధానిని నది తూర్పు ఒడ్డుకు మార్చినప్పుడు, ఇప్పుడు రాజభవనం ఉన్న చోట కాపురముంటున్న చైనీయులను దక్షిణంగా నగర గోడ బయటికి తరలించాడు. అదే సాంపెంగ్. 1860ల్లో నాలుగో రామరాజు కాలంలో చారోన్ క్రుంగ్ రోడ్డు, 1890ల్లో అయిదో రామరాజు కాలంలో యావరాట్ రోడ్డు వచ్చాయి. వంకర్లు తిరిగిన ఈ కిలోమీటరున్నర రోడ్డును ‘డ్రాగన్ ఒళ్లు’ అని ప్రతి గైడూ చెబుతాడు. అక్కడితో ఆగిపోతే ఆ గైడ్ కరపత్రం చదువుకొని వచ్చాడనుకోవచ్చు. బుద్ధ విగ్రహం సంగతీ ఇలాంటిదే. సున్నపు పూత ఉన్న మామూలు విగ్రహమనుకున్నారు, 1955లో కొత్త మందిరంలోకి ఎత్తుతుంటే కింద పడి పూత పగిలింది, లోపల అయిదున్నర టన్నుల బంగారు విగ్రహం బయటపడింది. ఇంతవరకూ జరిగిందే. ‘బర్మా సైన్యం కంట పడకుండా పూత పూశారు’ అన్నది మాత్రం ఊహ. ‘అనుకుంటారు’ అని చెప్పే గైడ్‌ను నమ్మండి, కళ్లారా చూసినట్టు చెప్పేవాడితో జాగ్రత్త.

గైడ్‌ను తూచడానికి ఇంకో చిన్న ప్రశ్న ఉంది. ప్యాడ్ థాయ్ ఎప్పటి వంటకం అని అడగండి. వందల ఏళ్లదని చెబితే తప్పు. 1930ల చివర, 40ల్లో ప్రధాని ఫిబున్ సోంగ్‌ఖ్రామ్ ప్రభుత్వం జాతీయతా ప్రచారంలో భాగంగా పైకి తెచ్చిన వంటకం అది. సియాం పేరు థాయిలాండ్‌గా మారింది కూడా ఆయన హయాంలోనే, 1939లో.

బంగారం దుకాణాల ముందు ఆగినప్పుడు ‘బాట్’ అంటే డబ్బు మాత్రమే కాదని చెప్పారా లేదా చూడండి. అది తూకం కూడా. ఒక బాట్ నగ 15.16 గ్రాములు, బిస్కట్ అయితే 15.244. స్వచ్ఛత 96.5 శాతం, అంటే ఇంచుమించు 23 క్యారెట్లు. మన దుకాణంలో తులం పది గ్రాములైతే అక్కడి బాట్ తులమున్నర అన్నమాట. బోర్డు మీది ధర చూసి ‘అబ్బో, ఇక్కడ ఎక్కువ’ అనుకునేది ఈ తూకం తెలియకే. తెలుగువాళ్లకు ఈ ఒక్క వివరం పది డ్రాగన్ కథల పెట్టు.

తిండి విషయంలో రాత్రి వాక్‌లు బాగానే ఉంటాయి, అందులో వంక పెట్టలేం. ముఖ్యంగా కువాయ్ జాబ్. బియ్యప్పిండితో పలచటి రేకు చేసి, ముక్కలు కోసి ఉంచుతారు. మరిగే నీళ్లలో పడగానే అవి సన్నటి గొట్టాల్లా చుట్టుకుపోతాయి. పైన పోసే పులుసు తేటగా, తెల్ల మిరియాల ఘాటుతో ముక్కు దిబ్బడ వదిలిస్తుంది. కళ్లు మూసుకుంటే మిరియాల చారే. కళ్లు తెరిస్తే గిన్నెలో పంది పేగులు, కాలేయం, కరకరలాడే చర్మం కనపడతాయి. పేగులు వద్దంటే ‘కరకర పంది మాంసం మాత్రమే’ వేయించే వీలుంది. బండి దగ్గరికి వచ్చాక కాదు, ముందే గైడ్‌తో చెప్పాలి. ఆలుచిప్పల అట్టు రెండు రకాలు. కర్రపెండలం పిండి ఎక్కువ వేసి జిగటగా ఉంచేది ఓ సువాన్, పెనం మీద అంచులు విరిగేదాకా కాల్చేది ఓ లువా. మొదటిసారి తినేవాళ్లకు రెండోదే నయం. జిగట రకం చూడగానే ‘పచ్చిగా ఉంది’ అని పక్కన పెట్టేవాళ్లే ఎక్కువ.

ఎక్కువమంది చేసే తప్పు మొదటి రెండు చోట్లే కడుపు నింపేసుకోవడం. మంచి టూర్‌లో ఒక గిన్నె ఇద్దరు ముగ్గురికి పంచుతారు. మనిషికో గిన్నె చేతిలో పెట్టారంటే నాలుగో చోటికి ఎవరూ తినరని వాళ్లకూ తెలుసు, ఆ మేరకు వాళ్లకు మిగులు. పెద్ద పేరున్న బండ్ల దగ్గర రాత్రి ఏడు దాటితే అరగంట పైనే క్యూ. పని తెలిసిన గైడ్ ముందే ఫోన్ చేసి ఆర్డర్ చెబుతాడు, లేదా గుంపును పక్క బండి దగ్గర తినిపిస్తూ తను వెళ్లి పట్టుకొస్తాడు. పని తెలియనివాడు అందర్నీ క్యూలో నిలబెట్టి ‘ఇది చాలా ఫేమస్’ అంటాడు. మూడున్నర గంటల్లో నలభై నిమిషాలు అక్కడే హరీ.

సోమవారం బుక్ చేయకండి. ఆ రోజు యావరాట్ ఫుట్‌పాత్ బండ్లు చాలావరకు సెలవు. కొన్ని టూర్‌లు సోమవారం కూడా నడుస్తాయి గానీ షాపుల్లో కూర్చోబెట్టి పెట్టేస్తారు. తిండికి లోటుండదు, వీధి సందడే ఉండదు. మే నుంచి అక్టోబర్ దాకా సాయంత్రం వాన ఏ నిమిషానైనా కురవొచ్చు, సెప్టెంబర్‌లో మరీను. వాన పడితే ఏం చేస్తారని బుకింగ్‌లోనే అడగాలి. ‘రెయిన్‌కోట్ ఇస్తాం’ అన్నది జవాబు కాదు. బండ్లు ముడుచుకుపోతే తీసుకెళ్లడానికి కప్పు కింద నడిచే కొట్ల జాబితా ఉందా అన్నది అసలు సంగతి.

మొత్తం మీద రాత్రి వాక్‌లో గైడ్ పని సగం వెయిటర్ పనే. తోడు లేనివాళ్లు, వీధి తిండి అంటే భయపడేవాళ్లు, ఒక్క సాయంత్రమే చేతిలో ఉన్నవాళ్లు తీసుకుంటే తప్పులేదు. మిగతావాళ్లు మెట్రోలో వాట్ మంగ్‌కోన్ దిగి సొంతంగా తిరగొచ్చు. జనం ఎక్కువున్న బండి, మన కళ్ల ముందు వండే బండి, మధ్యలో చిల్లున్న గొట్టం ఐస్ వాడే బండి చూసుకుంటే చాలు. ఆ చిల్లు ఐస్ ఫ్యాక్టరీలో శుభ్రమైన నీటితో చేసేది. జేబులో 20, 50, 100 బాట్ల నోట్లు ఉంచుకోండి. బండ్ల దగ్గర విదేశీ కార్డులు గీకరు.

శాకాహారులకు

‘వెజ్ ఆప్షన్ అవైలబుల్’ అని రాసిన ప్రతి టూరూ మనకు పనికొచ్చేది కాదు. ఇక్కడ రెండు మాటలు తెలియాలి. ‘జే’ అంటే చైనా బౌద్ధ నియమం. మాంసం, చేప, గుడ్డు, పాలు ఏవీ ఉండవు. వెల్లుల్లి, ఉల్లి, వాటి కుటుంబం కాడలు కూడా నిషిద్ధం. పసుపు జెండా మీద ఎర్రటి అక్షరం కనపడితే అది జే బండి. ‘మంగ్సవిరట్’ అంటే మామూలు శాకాహారం, అందులో గుడ్డు, పాలు ఉండొచ్చు. గుడ్డు తినని తెలుగు శాకాహారికి రెండో మాట చాలదు. మొదటి మాట చెబితే ఉల్లి, వెల్లుల్లి లేకుండా వస్తుంది. మడి భోజనం అలవాటున్న ఇళ్లవాళ్లకు అదేం కష్టం కాదు.

అసలు ప్రమాదం కళ్లకు కనపడని వాటితో. నామ్ ప్లా అనే చేపల సాస్, ఆలుచిప్పల సాస్, కాపి అనే రొయ్యల ముద్ద, ప్యాడ్ థాయ్‌లోకి వెళ్లే ఎండు రొయ్యలు, వేపుళ్లలో పంది కొవ్వు. పైకి కూరగాయల వేపుడే. రుచి ఎక్కడిదని ఆరా తీస్తే ఈ అయిదింట్లో ఒకటి తప్పకుండా తగులుతుంది. మన రొయ్యపొట్టు వేసిన కూరలాగే, పైకి కనపడదు, వాసనే పట్టిస్తుంది. బుక్ చేసేటప్పుడు ‘వెజిటేరియన్’ అని ఒక్క ముక్క టిక్ పెట్టి వదిలేయకుండా ఈ అయిదూ వద్దని పేరుపేరునా రాసి పంపండి. ‘నో ప్రాబ్లమ్’ అని మాత్రమే జవాబొస్తే ఇంకోసారి అడగండి. ఏ బండి దగ్గర బదులుగా ఏం ఇస్తారో వివరంగా చెప్పినవాళ్లనే తీసుకోండి. లేకపోతే మిగతావాళ్లు ఎనిమిది రకాలు తింటుంటే మనకు మ్యాంగో స్టికీ రైస్ మూడుసార్లు వస్తుంది, డబ్బు మాత్రం అంతే.

అక్కడ నిజంగా శాకాహారమైనవి ఉన్నాయి, కాకపోతే చాలావరకు తీపి. అల్లం పాకంలో తేలే బువా లోయ్ ఉండల్లో నల్ల నువ్వుల చిమ్మిలి ఉంటుంది. కొరికితే నల్లగా కారుతుంది, ఒక్కసారిగా నోట్లో వేసుకుంటే నాలుక కాలుతుంది. చైనా పద్ధతిలో ఆ చిమ్మిలికి పంది కొవ్వు కలిపే అలవాటుంది కనుక ఇక్కడా ఒక మాట అడగాలి. లోడ్ చోంగ్ సింగపూర్ అనేది కర్రపెండలం పిండితో చేసిన ఆకుపచ్చ జంతికల్లాంటి ముక్కలు, కొబ్బరిపాలు, పాకం, ఐస్. పేరులో సింగపూర్ ఉన్నా పుట్టింది ఇక్కడే. చారోన్ క్రుంగ్ రోడ్డులో సింగపూర్ అనే సినిమా హాలుండేది, దాని దగ్గరి కొట్టుకు జనం పెట్టిన పేరు. కుయ్ చాయ్ అనే కాడల బిళ్లలు బాగుంటాయి, వాటిలో ఎండు రొయ్యలు వేయని బండి వెతుక్కోవాలి. ఇంకో తమాషా ఏమిటంటే, ఆ కాడలు జే నిషేధాల్లో ఉన్నాయి. ‘జే’ అని చెప్పినవాళ్లకు గైడ్ కుయ్ చాయ్ పెట్టడు, అది ఆయన పొరపాటు కాదు.

ఖనోమ్ క్రోక్ తెలుగువాళ్లు ఎలాగూ బండి దూరం నుంచే గుర్తుపడతారు. గుంతల పెనం అచ్చం మన గుంత పొంగనాలదే. కాకపోతే పిండి రెండు విడతలు. ముందు గుంతలో పలచటి బియ్యప్పిండి జారు పోసి, అంచులకు అంటుకునేలా పెనాన్ని కొంచెం తిప్పుతారు. అంచు గట్టిపడుతుండగా మధ్యలో ఉప్పు, పంచదార కలిపిన చిక్కటి కొబ్బరిపాలు పోసి, పైన మొక్కజొన్న గింజలో ఉల్లికాడలో చల్లి మూత పెడతారు. మన పొంగనంలా తిరగెయ్యరు. అందుకే అడుగు కరకర, మధ్యలో పాలు పాలుగానే ఉంటాయి. చెంచాతో లాగి రెండు సగాలు మూతిమూతి అతికించి ఇస్తారు. రెండు నిమిషాలు ఆగి తినాలి. ఆగనివాళ్ల నాలుక ఆ సాయంత్రం ఇంకే రుచికీ పనికిరాదు.

ఏటా సెప్టెంబర్, అక్టోబర్ మధ్య తొమ్మిది రోజులు జే పండుగ. ఆ రోజుల్లో యావరాట్ పొడుగునా పసుపు జెండాలే. శాకాహారులు టూర్ తేదీ ఎంచుకునే వీలుంటే అప్పుడే వెళ్లాలి. మాంసాహారులకు ఆ వారం ఉస్సూరుమనిపిస్తుంది. మరీ కుదరకపోతే సాంపెంగ్ సందు పడమటి చివర ఫాహురాట్. బట్టల కొట్లు, భారతీయ హోటళ్లు, బంగారు గుమ్మటం ఉన్న గురుద్వారా అక్కడే. గురుద్వారాలో పగటి పూట లంగరు, అంటే అక్కడ పెట్టే భోజనం, అందరికీ ఉచితం. తల కప్పుకుని, చెప్పులు విప్పి, వడ్డించింది పారేయకుండా తింటే చాలు.

ఎవరి దగ్గర బుక్ చేయాలి

థాయ్ చట్టం ప్రకారం గైడ్‌కు లైసెన్స్ కార్డు ఉండాలి, టూర్ నడిపే సంస్థకూ లైసెన్స్ ఉండాలి. గైడ్ పని థాయ్ పౌరులకే పరిమితం చేశారు. 2008 నాటి పర్యాటక వ్యాపార, గైడ్ల చట్టం ఇంకా అమల్లో ఉంది. అందుకే వాట్సాప్ గ్రూపుల్లో ‘తెలుగు గైడ్‌తో బ్యాంకాక్ ఫుడ్ వాక్’ అని తిరిగే ఆఫర్లను ఒక కంట కనిపెట్టాలి. మనవాడే ఒకాయన గ్రూపును తిప్పుతూ, థాయ్ గైడ్ ఎవరూ వెంట లేకపోతే అది చట్టవిరుద్ధం. దారిలో తనిఖీ జరిగితే టూర్ అక్కడికక్కడే ఆగిపోతుంది. భాష దగ్గరైతే బాగుంటుంది, నిజమే. ఇంగ్లిష్‌లో నెమ్మదిగా చెప్పే థాయ్ గైడ్, గుంపులో ఎనిమిది మందికి మించకుండా ఉంటే అర్థం కానిదేమీ ఉండదు. పన్నెండు దాటితే వద్దు. ఆ గుంపు ఒక సందులో ఆగితే సందే మూసుకుపోతుంది, కొట్టువాళ్లు విసుక్కుంటారు, గైడ్ కథ కుదించేస్తాడు.

టూర్ వివరాల్లో ఎన్ని రకాల తిండో కాదు, ఎన్ని చోట్ల ‘లోపలికి’ వెళతారో చూడండి. ప్రవేశ టికెట్లు ధరలో ఉన్నాయా అన్నదీ అడగండి. దారిలో పక్షి గూళ్ల సూప్ పొట్లాలు, రత్నాలు, కోటు కుట్టే టైలర్ కొట్టు లాంటి ఆగింపులు ఉంటే అది కమీషన్ టూర్, తక్కువ ధరకు కారణం అదే. వేరుశనగ, రొయ్యలు పడనివాళ్లు ఆ సంగతి రాసి పంపడమే కాక కలిసినప్పుడు నోటితో కూడా చెప్పాలి. బండి మీద ఒకే గరిటె అన్నిట్లోకీ తిరుగుతుంది. కారం సంగతి మరో మాట. గుంటూరు నుంచి వచ్చామని జబ్బలు చరుచుకుంటే ఫిక్ ఖీ నూ అనే చిన్న మిరప బుద్ధి చెబుతుంది. మన కారం పొడి రూపంలో మెల్లగా ఎక్కేది, అది పచ్చిగా ఒక్కసారే కొడుతుంది. పిల్లల స్ట్రోలర్ తీసుకురావద్దు, ఫుట్‌పాత్ మీద నడవడానికే చోటుండదు.

పొద్దున వాక్‌లు

వెయ్యి బాట్లు గిట్టుబాటయ్యేది ఇక్కడే. ఎనిమిదింటికి మొదలై పదకొండున్నరకు ముగిసేవి మంచివి. మార్చి నుంచి మే వరకు పదిన్నర దాటితే ఎండ భరించలేం.

తలాట్ నోయ్ వైపు వెళ్లే టూర్ 1871లో కట్టిన వాట్ మంగ్‌కోన్‌తో మొదలవ్వాలి. పొద్దున తలుపులు బార్లా తీసి ఉంటాయి, అగరు పొగలో జనం మొక్కులు చెల్లించుకుంటుంటారు. అక్కడి నుంచి ఇస్సరానుఫాప్ సందు మార్కెట్, దాని చివర పాత మార్కెట్ తలాట్ కావ్. ఎండు పుట్టగొడుగులు, ఊరవేసిన ఆవాకు, తామర గింజలు. పన్నెండింటికి వస్తే ఇక్కడ ఖాళీ బల్లలే. సాంపెంగ్ సందులో ఇద్దరు ఎదురుపడితే ఒకరు పక్కకు జరగాలి, ఆ ఇరుకులోనే సరుకు తోపుడు బండ్లు దూసుకొస్తాయి. ‘సైడ్’ అన్న అర్థం వచ్చే కేక వినపడితే గోడకు అతుక్కోవడమే.

ఈ సందులో చెప్పాల్సిన కథ ఒకటుంది. 1945 సెప్టెంబర్‌లో యుద్ధం ముగిసిన వెంటనే యావరాట్‌లో చైనీయులకూ థాయ్ సైనికులకూ మధ్య కాల్పులదాకా వెళ్లిన గొడవలు జరిగాయి. ఆ గాయం మానడానికి 1946 జూన్ 3న ఎనిమిదో రామరాజు ఆనంద మహిదోల్ తమ్ముడితో కలిసి సాంపెంగ్‌లో కాలినడకన తిరిగాడు. ఆ వారంలోనే జూన్ 9న చనిపోయాడు. ఎలా అని గైడ్‌ను గుచ్చి అడగకండి. రాజకుటుంబం మీద మాట జారితే 112వ సెక్షన్ కింద మూడు నుంచి పదిహేనేళ్ల శిక్ష ఉంది. అక్కడ గైడ్ మౌనం తెలియనితనం కాదు.

తర్వాత నది పక్కన సోంగ్ వాట్ రోడ్డు. 1906లో ఇక్కడి కొట్లు కాలిపోయాక అయిదో రామరాజు మ్యాపు మీద స్వయంగా గీత గీసి రోడ్డు వేయించాడట, పేరుకు అర్థమే ‘రాజు గీసినది’. గోదాములు, మసాలా దినుసుల కొట్లు, ఇప్పుడు వాటి మధ్య కాఫీ షాపులు. ఫొటోల పిచ్చి ఉన్న గుంపు అయితే గైడ్ ఇక్కడే అరగంట పోగొట్టుకుంటాడు.

తలాట్ నోయ్‌లోకి వెళ్లగానే గ్రీజు వాసన. ఇంజన్లు విప్పి, గేర్ పళ్లు, పిస్టన్లు తాటి పండ్ల గుట్టల్లా రోడ్డు పక్కనే పేర్చి ఉంటాయి. విజయవాడ ఆటోనగర్‌ను రెండు మీటర్ల వెడల్పు సందులో కుక్కితే ఎలా ఉంటుందో అది. థాయిలాండ్ అంతటా పాత ఇంజన్ పార్టుల కొట్టును ‘సియాంగ్ కోంగ్’ అంటారు, ఆ మాట ఈ పేటలోని సియాంగ్ కోంగ్ గుడి పేరు నుంచి పాకింది. గైడ్ లేకుండా వస్తే ఇది తుప్పు గుట్టే. ఆ ఒక్క మాట తెలిశాక పేట మొత్తం వేరేగా కనపడుతుంది. దగ్గర్లోనే సో హెంగ్ తాయ్ అనే ఫుకియన్ పద్ధతి మండువా లోగిలి. మండువా నడిబొడ్డున స్కూబా డైవింగ్ నేర్పే కొలను కట్టారు! ఆ కుటుంబం ఇప్పటికీ అక్కడే ఉంటోంది, కాబట్టి ఒక డ్రింకో టికెట్టో కొని, గొంతు తగ్గించి తిరగాలి. పోర్చుగీసు క్రైస్తవుల కాలవార్ చర్చి ఇప్పటి భవనం 1897 నాటిది. దాని పక్కనే మొదటి థాయ్ బ్యాంకు పాత భవనం.

పొద్దున తిండి రాత్రంత ఆర్భాటంగా ఉండదు. పంది మాంసం వేసిన బియ్యపు జావ జోక్, సోయా పాలలో ముంచుకునే పాథోంగ్‌కో, గింజలు వేయించి కలిపిన చల్లటి నల్ల కాఫీ ఓలియాంగ్. ఇక్కడి చైనీయుల తెచూ భాషలో ఓ అంటే నలుపు, లియాంగ్ అంటే చల్లన. శాకాహారులకు పాథోంగ్‌కో, సోయా పాలు హాయి, నూనె ఏదో మాత్రం అడగాలి. నాలుగైదు రకాలకు మించి ఉండవు కనుక ‘ఇంతేనా’ అనిపిస్తుంది. రాత్రి వాక్ ధరే ఇక్కడా అడిగే టూర్‌లు ఉన్నాయి. తిండి తక్కువైనప్పుడు 1,200 దాటితే బేరం అడగడంలో తప్పులేదు.

కుడీ జీన్ టూర్ వేరు, దాన్ని తలాట్ నోయ్‌తో ఒకే పూట కలిపే టూర్‌లు రెంటికీ చెడతాయి. మధ్యలో నది, ఎదురుదిక్కు నడక. పాక్ ఖ్లోంగ్ పూల మార్కెట్లో మొదలుపెట్టి, నది మీద పాదచారుల స్కై పార్క్ వంతెన దాటి, ధోన్‌బురి ఒడ్డున దిగడమే సరైన దారి. దిగగానే వాట్ ప్రయూన్ తెల్ల స్తూపం. దాని ముందు ఫిరంగుల స్మారకం దగ్గర గైడ్ ఆగకపోతే మీరే ఆపండి. 1837 జనవరిలో ఇక్కడ బాణసంచా ఫిరంగి పేలి జనం చనిపోయారు. గాయపడ్డ ఒక భిక్షువు చెయ్యి తీసేసి ప్రాణం కాపాడింది అమెరికన్ మిషనరీ డాక్టర్ డాన్ బీచ్ బ్రాడ్లీ. సియాంలో పాశ్చాత్య పద్ధతి శస్త్రచికిత్సకు అదే మొదలని చెబుతారు.

పాత రాజధాని అయుత్థయ 1767లో కూలాక తాక్సిన్ రాజు వెంట నిలిచిన పోర్చుగీసులకు ఈ ఒడ్డున నేల దక్కింది. ఇప్పటి శాంటా క్రూజ్ చర్చి 1916 నాటిది. చర్చి నీడలోనే చైనా గుడి, బౌద్ధ ఆరామం, కాలువ అవతల థాయ్ గుడి కప్పు ఉన్న బాంగ్ లువాంగ్ మసీదు. సియాంకైనా మనకైనా మిరపకాయ తెచ్చింది పోర్చుగీసులే. అంతకుముందు మన వంటల్లోనూ మిరియమే రాజు. ఇక్కడి ఇళ్లలో కొబ్బరిపాలు పోసి వండిన కోడి కూరను సన్నటి బియ్యపు సేమ్యాల మీద వేసి పెడతారు. పోర్చుగీసు వంటకానికి దొరికిన వస్తువులతో చేసిన సర్దుబాటు అది. గైడ్ ముందే కబురు పెడితేనే దొరుకుతుంది. బాన్ కుడీ జీన్ మ్యూజియం సోమవారం మూత.

చివరి ఆగింపు ఖనోమ్ ఫరాంగ్ చేసే ఇల్లు. మైదా, పంచదార, బాతు గుడ్లు, అంతే. వెన్న లేదు, ఈస్టు లేదు, బేకింగ్ పౌడర్ లేదు. పొంగు మొత్తం గుడ్డు గిలక్కొట్టడంలోనే ఉంది. తెల్లని నురగ గట్టిపడకముందే పిండి కలిపితే కేకు చప్పగా, బిళ్లలా వస్తుంది. అచ్చుల్లో పోసి, పైన ఎండు ద్రాక్ష, పంచదార చల్లి, పొయ్యికి కిందా మీదా నిప్పు పెట్టి కాలుస్తారు. వేడిగా తింటే పైన పెళుసు, లోపల బిస్కట్టుకూ కేకుకూ మధ్య. టూర్‌లో ఇచ్చేది ఒక్కో ముక్క. పాకెట్ కొనుక్కోవాలంటే గుంపు కదలకముందే చెప్పాలి, పదకొండు తర్వాత మొదటి వాయి అయిపోయి ఉంటుంది. చల్లారాక మెత్తబడుతుంది గానీ పాడవదు, సంచిలో ఊరికి తెచ్చుకోవచ్చు. తిరుగు ప్రయాణానికి వంతెన ఎక్కనక్కర్లేదు. వాట్ కల్యాణమిట్ రేవు నుంచి పూల మార్కెట్ ఒడ్డుకు కొద్ది బాట్లకే పడవ ఉంది.